తీర్పు చదివాక సంతకం పెట్టండి

ఉద్యోగుల డిస్మిస్ ఫైళ్లు చూసే అధికారులకు, ఎంక్వయిరీ ఆఫీసర్లకు, అప్పీళ్ల మీద ఆర్డర్లు రాసే పెద్దలకు శ్రీకాకుళం జిల్లా కాశీబుగ్గ నుంచి ఒక గోదాము ఉద్యోగి బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా, నమస్కారం.

బియ్యం బస్తాలు కాజేశానని నన్ను డిస్మిస్ చేశారు, దాని మీద నేను వేసిన అప్పీలును తోసిపుచ్చుతూ వచ్చిన ఆర్డరు పేజీన్నర ఉంది. అదే ఆరోపణ మీద పెట్టిన క్రిమినల్ కేసులో నన్ను నిర్దోషిగా వదిలిన కోర్టు తీర్పు 23 పేజీలు. ఆ 23 పేజీల గురించి ఈ పేజీన్నరలో ఉన్నది ఒకే వాక్యం. క్రిమినల్ కేసులో విడుదలైనంత మాత్రాన శాఖాపరమైన చర్యకు అది అడ్డు కాదట. కోర్టులో తొమ్మిది మంది సాక్షులు ఏం చెప్పారో, మేజిస్ట్రేటు గారు ఏ కారణాలతో నన్ను విడుదల చేశారో అందులో ఎక్కడా లేదు. తీర్పు తేదీ కూడా తప్పే పడింది. నేను అప్పీలుకు జతపరిచిన కాపీని ఎవరూ తెరిచి చూడలేదని అప్పుడే అర్థమైంది.

నా రిట్ పిటిషన్ ఇప్పుడు అమరావతి హైకోర్టులో ఉంది. అక్కడ ఏం తేలితే అది తేలుతుంది. నా ఉద్యోగం నాకు ఇప్పించమని ఈ లేఖలో అడగడం లేదు. నేను పని చేసిన సంస్థ పేరు గానీ, నా ఫైలు చూసినవాళ్ల పేర్లు గానీ రాయను. కానీ రేపు మీలో ఎవరో ఒకరి టేబుల్ మీదకు నాలాంటివాడి ఫైలు వస్తుంది. ఆరోపణ అదే, సాక్షులు వాళ్లే, కాగితాలు అవే అయ్యుండి, కోర్టు వాటిని నిగ్గదీసి ఇవి నిలబడవని చెప్పి ఉంటే, ఆ తీర్పు చదవకుండా ఆ ఫైలు మీద సంతకం పెట్టకండి. నేను అడిగేది ఇదొక్కటే.

నా సంగతి కొంచెం చెప్పాలి. చెప్పకపోతే ఎందుకు అడుగుతున్నానో మీకు తెలియదు.

నేను 1996లో చేరాను. గోదాములో బియ్యం బస్తాల లెక్క రాసే ఉద్యోగం. మామూలు రోజుల్లో పని ఒక వరసలో నడుస్తుంది. రిలీజ్ ఆర్డర్ వస్తే తప్ప ఒక్క బస్తా గుమ్మం దాటదు. కలాసీలు ఎత్తుతారు, కాటా వేస్తాం, లారీ డ్రైవరు సంతకం పెడతాడు, సరుకు అందుకున్నవాళ్ల రసీదు తిరిగొస్తుంది, సాయంత్రం స్టాకు రిజిస్టరు, కంప్యూటరు సరిచూసుకుని తాళం వేస్తాం. 22 ఏళ్లు అలాగే చేశాను. ఒక్క మెమో లేదు.

2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుఫాను మా పలాస దగ్గరే తీరం దాటింది. ఉద్దానం తెలిసినవాళ్లకు ఆ ఉదయం గురించి నేను చెప్పక్కర్లేదు. కొబ్బరి చెట్లు మొదళ్లతో సహా పడిపోయాయి. 30, 40 ఏళ్ల జీడితోటలు ఒక్క రాత్రిలో నేలకూలాయి. వేల కరెంటు స్తంభాలు విరిగిపోయాయి. మా గోదాము పైకప్పు రేకులు ఒక వైపు లేచిపోయి బస్తాల మీద వాన పడింది. కరెంటు లేదు, నెట్ లేదు, కంప్యూటరు మూగబోయింది. ఊళ్లలో జనానికి తిండి లేదు. ఆ పరిస్థితిలో ఫోన్లు వచ్చాయి. ఫలానా ఊరికి బియ్యం పంపండి, ఆర్డరు కాగితం తర్వాత వస్తుంది అని. పంపాం. రాత్రుళ్లు సెల్‌ఫోన్ లైట్ల వెలుగులో బస్తాలు ఎత్తించాను. లెక్క నోటు పుస్తకంలో రాశాను. కొన్ని లారీలు, రోడ్డుకు అడ్డం పడిన చెట్లు నరికిందాకా దారిలో ఆగి, చెప్పిన ఊరికి కాక దగ్గర్లో ఆకలితో ఉన్న ఊళ్లో దించేశాయి. ఇప్పుడు తలచుకున్నా దాంట్లో తప్పేమిటో నాకు తెలియదు.

నెలన్నర తర్వాత స్టాకు తనిఖీ జరిగింది. 118 బస్తాలు తక్కువ వచ్చాయి. అంటే 59 క్వింటాళ్లు. ఫోన్లో చెప్పిన ఆర్డర్లకు కాగితాలు సగం రాలేదు. నా నోటు పుస్తకం సొంతంగా రాసుకున్న లెక్క కాబట్టి చెల్లదన్నారు. ఐపీసీ సెక్షన్ 409 కింద, అంటే నమ్మి అప్పజెప్పిన ప్రభుత్వ సొమ్మును కాజేశానని కేసు పెట్టారు. పన్నెండు రోజులు సబ్‌జైల్లో ఉన్నాను. కస్టడీ 48 గంటలు దాటితే సస్పెండ్ అయినట్టే లెక్క కాబట్టి సస్పెన్షన్ ఆర్డరు దానంతట అదే వచ్చింది.

సస్పెన్షన్‌లో ఉన్నవాడికి జీవనభృతి ఇవ్వాలని మీ అందరికీ తెలుసు. మొదట సగం జీతం అంటారు. దానికి నెలనెలా, నేను వేరే ఎక్కడా పని చేయడం లేదని సర్టిఫికెట్ ఇవ్వాలి. ఇచ్చాను. అందలేదన్నారు. మళ్లీ ఇచ్చాను. ఎనిమిది నెలలు ఒక్క రూపాయి రాలేదు. ఆ ఎనిమిది నెలల్లోనే ఎంక్వయిరీ విజయవాడలో పెట్టారు. పలాస నుంచి విజయవాడ 500 కిలోమీటర్ల పైమాటే. ఐదు సిట్టింగుల్లో మూడింటికి వెళ్లగలిగాను. నాలుగోసారి ఇంట్లో టికెట్టుకి డబ్బు లేదు, వాయిదా ఇవ్వమని ఉత్తరం రాశాను. "అవకాశం ఇచ్చినా హాజరు కాలేదు" అని రిపోర్టులో రాశారు.

ఇక్కడ మీకు కెప్టెన్ పాల్ ఆంథోనీ కేసు గుర్తు చేయాలి. కోలార్ బంగారు గనుల్లో సెక్యూరిటీ ఆఫీసరు ఆయన. 1985లో ఆయన ఇంట్లో సోదా జరిగి, బంగారం దొరికిందన్నారు. సస్పెండ్ చేశారు. జీవనభృతి ఇవ్వలేదు. ఆయన కేరళలో సొంతూళ్లో ఉండిపోయాడు, గనుల దాకా వచ్చి ఎంక్వయిరీలో నిలబడే స్థోమత లేకపోయింది. ఆయన లేకుండానే ఎంక్వయిరీ ముగించి 1986లో డిస్మిస్ చేశారు. 1987లో క్రిమినల్ కోర్టు ఆయన్ని విడుదల చేసింది. ఆ ఇంట్లో ఆ బంగారం దొరికిందన్న మాటే రుజువు కాలేదంది. సుప్రీంకోర్టు దాకా వెళ్లి 1999లో గెలిచాడు. రెండు చోట్లా ఆరోపణ అదే, సాక్షులు వాళ్లే అయినప్పుడు, కోర్టు నమ్మని దాన్ని ఆయన లేనప్పుడు రాసిన ఎంక్వయిరీ రిపోర్టు ఆధారంగా నిలబెట్టడం అన్యాయమని కోర్టు చెప్పింది. తిండికి డబ్బివ్వకుండా వచ్చి వాదించుకోమనడం కూడా తప్పేనంది. ఆ తీర్పు వచ్చి పాతికేళ్లు దాటింది. 2019లో నా చేతిలో విజయవాడ టికెట్టు డబ్బుల్లేవు.

నా ఎంక్వయిరీలో నా మీద సాక్ష్యం ఏమిటో చెప్తాను. కలాసీల మేస్త్రీ, ఇద్దరు లారీ డ్రైవర్లు పోలీసులకు ఇచ్చినట్టు రాసి ఉన్న వాంగ్మూలాలు. ఆ ముగ్గురిలో ఒక్కరినీ ఎంక్వయిరీకి పిలవలేదు. పోలీసు కాగితాలు చదివి, ఎగ్జిబిట్ నంబర్లు వేసి, ఆరోపణ రుజువైందని రాసేశారు. ప్రశ్న వేసుకోవడానికి నా ముందు మనిషే లేడు. కాగితాన్ని ఎలా క్రాస్ చేస్తాం? బ్యాంకు ప్యూన్‌గా పని చేసిన రూప్ సింగ్ నేగి కేసులో 2008లో సుప్రీంకోర్టు సరిగ్గా ఇదే చెప్పింది. పోలీసులు సేకరించిన కాగితం ఎంక్వయిరీలో దానంతట అదే సాక్ష్యం కాదు, దాన్ని ఎవరో వచ్చి రుజువు చేయాలి అని. అనుమానం ఎంత బలంగా ఉన్నా రుజువు కాదని అంతకు నాలుగు దశాబ్దాలకు ముందే చెప్పారు. 2020 మొదట్లో నన్ను డిస్మిస్ చేశారు.

కోర్టులో మాత్రం ఆ ముగ్గురూ వచ్చారు. వాళ్లు మాట మార్చలేదు, ఎవరికీ అమ్ముడుపోలేదు. అడిగినదానికి ఉన్నది ఉన్నట్టు చెప్పారంతే. మేస్త్రీ అన్న మాటలు నా చెవుల్లో ఇప్పటికీ ఉన్నాయి: "ఆ రేత్రి బాబు సొంతానికి ఎత్తించనేదండి. పైనుంచి పోనొచ్చింది, ఎత్తినాం. సెల్లు లైటు ఎలుగులో నెక్కెట్టినాం." పోలీసులకు చెప్పింది కూడా ఇదేనని, వాళ్లేం రాసుకున్నారో తనకు తెలియదని, చదివి వినిపించలేదని చెప్పాడు. మా వకీలు గారు రెండు పంచాయతీల పంపిణీ రిజిస్టర్లు కోర్టుకు తెప్పించారు. ఆర్డరు కాగితం లేని తేదీల్లో ఆ రెండు ఊళ్లే 96 బస్తాలు అందుకున్నట్టు, జనం వేలిముద్రలతో సహా అందులో ఉంది. ఆ రిజిస్టర్లు మీరెందుకు చూడలేదని అడిగితే దర్యాప్తు అధికారి దగ్గర జవాబు లేదు. మిగతావి తడిసి ముక్కిపోయిన బస్తాల లెక్కలో కలవాల్సినవి. రేకులు లేచిపోయిన వైపు ఎన్ని బస్తాలు పాడయ్యాయో ఎవరూ లెక్కే తీయలేదని మేజిస్ట్రేటు గారు రాశారు. నాలుగున్నరేళ్లు వాయిదాలకు తిరిగి తిరిగి ఇక్కడికి వచ్చాం.

2023లో తీర్పు వచ్చింది. చిట్టచివరి పేరాలో, "సంశయ లబ్ధి ఇచ్చి విడుదల చేస్తున్నాం" అన్న మాట ఉంది. ఇంగ్లీషులో బెనిఫిట్ ఆఫ్ డౌట్ అంటారు, అంటే సందేహం మిగిలితే దాని లాభం ముద్దాయికే అని. మన కోర్టుల్లో అలవాటుగా రాసే మాట అది. నా కొంప ముంచింది ఆ ఒక్క మాటే. సమాచార హక్కు చట్టం కింద నా నోట్ ఫైలు తీసుకున్నాను. ఆఫీసులో ఫైలు నడిపే సెక్షన్ వాళ్లు పెట్టిన నోటులో తీర్పు గురించి రెండు లైన్లున్నాయి: బెనిఫిట్ ఆఫ్ డౌట్ మీద విడుదలయ్యాడు, గౌరవప్రదమైన విడుదల (అంటే అసలు తప్పే లేదని తేలిన విడుదల) కాదు, అప్పీలు తిరస్కరించవచ్చు. దాని కింద వరసగా మూడు సంతకాలు.

2023 డిసెంబరు 4న సుప్రీంకోర్టు రామ్ లాల్ కేసులో తీర్పు ఇచ్చింది. రాజస్థాన్ కానిస్టేబుల్ ఆయన. మార్కుల షీటులో పుట్టిన తేదీ దిద్దాడని ఆరోపించి 2004లో డిస్మిస్ చేశారు. అప్పీలు కోర్టు 2007లో నిర్దోషి అంది. "సంశయ లబ్ధి", "గౌరవప్రదంగా విడుదల" లాంటివి మంత్రాలు కావు, తీర్పులో ఏ మాట వాడారన్నది కాదు, తీర్పు సారం ఏమిటన్నది చూడాలి అని సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. ఆయన్ని తిరిగి ఉద్యోగంలోకి తీసుకుని సగం బకాయి జీతం ఇవ్వమంది. నా అప్పీలు తిరస్కరించింది ఆ తీర్పు వచ్చిన ఆరు నెలల తర్వాత. నేను ఆ తీర్పు ప్రింటు తీసి, మేటర్ ఉన్న చోట గీతలు గీసి మరీ పంపాను.

ఇంకో సంగతి. 2020లో వేసిన నా అప్పీలును మూడేళ్లకు పైగా పక్కన పెట్టారు. ఎప్పుడు అడిగినా ఒకటే జవాబు, క్రిమినల్ కేసు తేలనివ్వండి అని. తేలింది. తేలాక, దానికీ దీనికీ సంబంధం లేదన్నారు. సంబంధం లేనప్పుడు ఆ మూడేళ్లు ఎందుకు ఆపారో ఎవరైనా చెప్తే వినాలని ఉంది.

మీరు చెప్పే చట్టం తప్పని నేను అనడం లేదు. ఒప్పుకుంటున్నాను. క్రిమినల్ కోర్టులో సందేహానికి తావు లేకుండా రుజువు చేయాలి. శాఖాపరమైన విచారణలో అంత అక్కర్లేదు, జరిగి ఉండడానికే ఎక్కువ అవకాశం ఉందని తేలితే చాలు. విడుదల అయినవాడల్లా మర్నాడు డ్యూటీలో చేరిపోవాలని ఏ కోర్టూ అనలేదు, నేనూ అనను. తమిళనాడులో ఒక కానిస్టేబుల్ బస్టాండులో ఒక మహిళను వేధించాడు. కేసు కోర్టుకు వచ్చేసరికి ఆమే, ఆమె భర్తే మాట మార్చారు, అతను బయటపడ్డాడు. అయినా డిస్మిస్ సరైనదేనని సుప్రీంకోర్టు 2012లో అంది. ఆ తీర్పు చదివినప్పుడు నాకు సరిగానే ఉందనిపించింది. ఎంక్వయిరీలో సాక్షులు నిలబడి చెప్పి, కోర్టు దగ్గరకొచ్చేసరికి భయపడో, డబ్బుకు లొంగో వెనక్కి పోతే, ఆ విడుదలను పట్టుకుని ఉద్యోగం ఇమ్మనడం న్యాయం కాదు. లంచం తిన్నవాడు టెక్నికల్ పాయింటు మీద బయటపడితే వాడి తరఫున నేను ఒక్క అక్షరం రాయను.

కానీ ఆ తేడా తెలియాలంటే తీర్పు చదవాలి కదా? సాక్షులు ఎదురు తిరిగారా, ఉన్నది చెప్పారా? కేసు నడపడానికి కావాల్సిన ప్రభుత్వ మంజూరు కాగితం లేదన్న సాంకేతిక కారణంతో వదిలారా, అసలు నేరమే జరగలేదని తేలిందా? ఎంక్వయిరీలో ఉండి కోర్టుకు రాని సాక్ష్యం ఏదైనా ఉందా? 2006లో గుజరాత్ ఓవర్సీర్ జి.ఎం. టాంక్ కేసులో డిస్మిస్ కొట్టేసింది ఇవన్నీ పక్కపక్కన పెట్టి చూశాకే. రెండు చోట్లా ఉన్నవి అవే కాగితాలు, వాళ్లే సాక్షులు అని తేల్చాకే. ఆ పోల్చిచూడడం ఒక పూట పని. నా ఫైలుకు ఆ ఒక్క పూట దొరకలేదు.

ఇంకొకటి నన్ను చాలా బాధపెడుతుంది. రాజ్యాంగం 311వ అధికరణం ప్రకారం, క్రిమినల్ కోర్టు శిక్ష వేస్తే ఆ తీర్పు ఒక్కటి చాలు, వేరే ఎంక్వయిరీ లేకుండానే ఉద్యోగం తీసేయొచ్చు. మా సంస్థ రూల్సులోనూ అలాంటిదే ఉంది. నాకు శిక్ష పడి ఉంటే ఆ తీర్పు కాపీ మూడో రోజుకల్లా విజయవాడ చేరేది. ప్రతి పేజీ చదివేవారు. అదే కోర్టు, అదే మేజిస్ట్రేటు, అదే సాక్ష్యం మీద తప్పు లేదంటే మాత్రం ఆ తీర్పుకు విలువ లేకపోవడం ఎలా సరైనదవుతుంది? కనీసం చదివే విలువ కూడానా?

కాబట్టి మీరు చేయగలిగినవి చెప్తాను. వీటికి కొత్త చట్టమూ, కొత్త జీవో అక్కర్లేదు. సస్పెన్షన్‌లో ఉన్నవాడికి జీవనభృతి పడిందో లేదో చూశాకే ఎంక్వయిరీ తేదీ వేయండి. వాడుండే జిల్లాలోనే ఎంక్వయిరీ పెట్టండి. శ్రీకాకుళంలో, విజయనగరంలో మీకు ఆఫీసులున్నాయి, గదులున్నాయి. పోలీసు వాంగ్మూలం మీద ఆధారపడేట్టయితే ఆ మనిషిని పిలిపించండి. అప్పీలు పెండింగులో ఉండగా కోర్టు తీర్పు వస్తే, ఆర్డరులో రాయండి: తీర్పు చదివాం, ఫలానా సాక్షి కోర్టులో ఇలా చెప్పాడు, అయినా ఫలానా కారణంతో మేం ఒప్పుకోవడం లేదు అని. కారణం రాస్తే, ఓడిపోయినా ఎందుకు ఓడిపోయానో తెలుస్తుంది. హైకోర్టులో దాని మీద వాదించుకోవచ్చు. కారణమే లేని ఆర్డరుతో ఏం వాదించాలి?

డిస్మిస్ అంటే ఏమిటో మీకు తెలుసు గానీ, ఇంట్లో అది ఎలా ఉంటుందో చెప్పాలి. పెన్షన్ పోతుంది, గ్రాట్యుటీ పోతుంది, ఇంకో సర్కారు కొలువు చేసే అర్హత పోతుంది. 22 ఏళ్ల సర్వీసు ఒక్క సంతకంతో సున్నా అయింది. నేనిప్పుడు ఒక జీడిపప్పు బట్టీలో లెక్కలు రాస్తున్నాను. రోజుకూలీ. ఎన్ని బస్తాల పిక్కలు లోపలికొచ్చాయి, ఎన్ని కిలోల పప్పు బయటికెళ్లింది, అన్నీ నా చేతి మీదే. కేసు సంగతి అంతా తెలిసే ఆ యజమాని గోదాము తాళాలు నాకిచ్చాడు. మొదటి రోజు ఆ తాళాలు చేతికి తీసుకున్నప్పుడు నా వేళ్లు వణికాయి.

విడుదలైన రోజు మా అమ్మ అరసవల్లి మొక్కు గుర్తు చేసింది. ఆ వచ్చే ఆదివారమే వెళ్లి తీర్చుకుని వచ్చాం. ఆమెకు చదువు రాదు. తీర్పు ఇంగ్లీషులో ఉంది. చదివి చెప్పమంటే రెండు సాయంత్రాలు కూర్చుని 23 పేజీలూ తెలుగులో చెప్పాను. మధ్యలో లేవలేదు. 14వ పేజీలో మేస్త్రీ మాటలు వచ్చినప్పుడు, ఆ ముక్క ఇంకోసారి చదవమంది. చదివాను. అప్పీలు కొట్టేశారని ఆర్డరు వచ్చిన రోజు ఆమె నన్ను అడిగింది: "కోర్టోలు తప్పు నేదని ఒగ్గేసినారు కదేటిరా, మరి ఆపీసోలు ఎందుకు ఒగ్గనేదు? ఆలకి ఈ కాయితం సదివి సెప్పినోలు నేరేటి?"

తీర్పు సర్టిఫైడ్ కాపీ నా దగ్గరుంది. మీలో ఎవరు అడిగినా, ఏ ఊళ్లో ఉన్నా, జిరాక్సు తీయించి నేనే తెచ్చి ఇస్తాను.

ఇట్లు,
డిస్మిస్ అయిన ఒక గోదాము ఉద్యోగి,
కాశీబుగ్గ, శ్రీకాకుళం జిల్లా